ఎనిమిదో నంబరు కారు

"కుడి చక్రం నట్లు విప్పితే ఎడమ చక్రం ఎలా ఊడింది అంకుల్?"

కిరణ్మయి ఈ మాట అడగడం అప్పటికి మూడోసారి. మొదటిసారి కృష్ణమూర్తి నవ్వి ఊరుకున్నాడు. రెండోసారి కాఫీ తెప్పించాడు. ఈసారి కళ్ళజోడు తీసి టై అంచుతో తుడుచుకున్నాడు. ప్రశ్న తగలాల్సిన చోటే తగిలిందని ఆమెకి లోలోపల హుషారు పుట్టింది.

టేబుల్ మీద రెండు ఫొటోలున్నాయి. ఇంటర్నెట్ వీడియోలోంచి అచ్చు తీసినవి కావడంతో మసకమసకగా ఉన్నాయి. నారింజ రంగు కారు, తలుపు మీద పెద్ద ఎనిమిది అంకె. కారు ముక్కు మన కుడిచేతి వైపుకి తిరిగి ఉంది. ముందు చక్రం దగ్గర నీలం ఓవరాల్, టోపీ వేసుకున్న మనిషి గొంతుక్కూర్చున్నాడు. మొహం కనపడదు. చేతిలో పానా మాత్రం కనపడుతుంది, అదీ ఎడమచేతిలో. ముక్కు కుడికి ఉన్న కారుకి మనకి కనపడేది కుడి పక్కే కనక అతను విప్పుతున్నది కుడి ముందు చక్రం. ఇంతవరకూ చిన్నపిల్లలకైనా అర్థమవుతుంది.

తికమక అంతా ఆ తర్వాతే. ఫిబ్రవరిలో ఒక శనివారం మధ్యాహ్నం, బ్లూస్టోన్ ఫ్లాట్ మట్టి ట్రాకు మీద, రెండో మలుపులో, ఆ కారుకి ఊడిపోయింది ఎడమ ముందు చక్రం. కారు గోడకి కొట్టుకుని పల్టీలు కొట్టింది. నడుపుతున్న ఆనందరావు అక్కడికక్కడే పోయాడు. ఆ ట్రాకుని కట్టించినవాడూ ఆయనే. తుక్కుగా మిగిలిన కారులో కుడి చక్రం నట్లన్నీ బిగుతుగానే ఉన్నాయని పోలీసులే చెప్పారు. అయినా ఎడమచేతి వాటం మెకానిక్ హస్సాన్‌ని పట్టుకెళ్ళి లోపల వేశారు. అంతకు ముందురోజు ట్రాకు మూసేస్తానన్నందుకు ఆనందరావుతో అతను నలుగురి ముందూ గొడవపడ్డాడు మరి. ఇప్పుడు జూన్. రేపు పొద్దున హస్సాన్ కోర్టులో నేరం ఒప్పుకోబోతున్నాడు. ఒప్పుకుంటే శిక్ష తగ్గుతుందని లాయరు నచ్చజెప్పాడట. చెయ్యని తప్పుకి తగ్గింపు బేరం ఏమిటని కిరణ్మయికి ఒళ్ళు మండిపోతోంది.

"కుడి చక్రం అయ్యాక అటు తిరిగి ఎడమది కూడా విప్పి ఉంటాడమ్మా," అన్నాడు కృష్ణమూర్తి.

"మరి కుడిది మళ్ళీ ఎవరు బిగించారు?"

"అతనే. భయం వేసి ఉంటుంది. హ్యూమన్ సైకాలజీ."

ఆ సైకాలజీ ఒక చక్రానికే ఎందుకు పనిచేసిందో ఆయన చెప్పలేదు, ఆమె అడగలేదు. మనిషి చిరాకుపడేలోగా తెలుసుకోవలసినవి ఇంకా ఉన్నాయి.

కృష్ణమూర్తి మెల్‌బోర్న్ వచ్చి ఇరవై ఏళ్ళు దాటింది. టెలిఫోన్ ఇంజనీరుగా చేసి, డాట్‌కామ్ గాలి వీచిన వేళ ఉద్యోగం వదిలేసి, మట్టి ట్రాకు రేసుల్ని ఇంటర్నెట్లో అమెరికా వాళ్ళకి చూపించే కంపెనీ పెట్టాడు. సౌత్‌బ్యాంక్‌లో నది కనపడే ఆఫీసు. కిందటి ఏడాది కూర్చోడానికి కుర్చీ దొరికేది కాదని చెప్పుకుంటారు. ఏప్రిల్లో షేర్లు కుప్పకూలాక, ఇప్పుడు ఏ కుర్చీలో కావాలంటే ఆ కుర్చీలో కూర్చోవచ్చు.

ఆ శనివారం ట్రాకు మీద ఉన్నది ముగ్గురే. ప్రాక్టీసు కోసం ఆనందరావు, కార్లు బాగుచేసే పిట్స్ షెడ్డులో హస్సాన్, కంప్యూటర్ క్యాబిన్లో కృష్ణమూర్తి. ఆ రోజు లైవ్ లేదు, అమెరికా కంపెనీకి పంపడానికి డెమో రికార్డింగ్ మాత్రం జరుగుతోంది. ఇదంతా ఆయన పాఠం అప్పజెప్పినట్టు తడుముకోకుండా చెప్పాడు. మధ్యాహ్నమంతా క్యాబిన్లో స్క్రీన్ ముందు ఒక్కణ్ణే ఉన్నాననీ, లోపలికి ఎవరూ రాలేదనీ, బయటికి ఎవరూ పోలేదనీ అన్నాడు. ఇంకేమైనా రికార్డింగ్ ఉందా అంటే పోలీసులకిచ్చిన సీడీ తప్ప ఏమీ లేదన్నాడు.

"ఆనందరావు నాకు తోడబుట్టిన వాడికంటే ఎక్కువమ్మా," అని లేచి నిలబడ్డాడు. అంటే ఇక వెళ్ళమని.

కిరణ్మయి లేచింది. ఆమె కాకినాడ నుంచి ఈ దేశానికి వచ్చింది వైటూకే పని మీద. బ్యాంకు వాళ్ళ పాత ప్రోగ్రాముల్లో రెండంకెల సంవత్సరాలు ఎక్కడెక్కడ దాక్కున్నాయో వెతికి పట్టడమే రెండేళ్ళపాటు చేసింది. జనవరి ఒకటిన ప్రపంచం మునిగిపోలేదు కానీ ఆమె కాంట్రాక్టు మునిగిపోయింది. లక్షల వరుసల్లో తప్పు పట్టిన కళ్ళు ఊరికే ఉండవు కదా, ప్రైవేటు డిటెక్టివ్ లైసెన్సు తీసుకుంది. ఆ పనిలో ఆమె నేర్చుకున్నది ఒకటే. ఒక్క వరుస పొసగలేదంటే, ఆ వరుస తప్పని సర్దేసుకోకూడదు. మిగతావన్నీ మళ్ళీ మొదటినుంచి చదవాలి.

లిఫ్టు తలుపు తెరుచుకునేసరికి ఎదురుగా ఆదర్శ్ ఉన్నాడు. వైటూకే రోజుల్లో పక్క కుర్చీలో కూర్చున్నవాడే. ఇప్పుడు ఒక ఇన్సూరెన్సు కంపెనీకి పరిశోధకుడు. కేసు పట్టింది తనేనని పార్టీల్లో, పెళ్ళిళ్ళలో, చివరికి బార్బెక్యూ పొయ్యిల దగ్గర సాసేజీలు తిప్పుతూ కూడా చెప్పుకున్నాడు. భుజాన లాప్‌టాప్ సంచీ, మొహాన మొత్తం ప్రపంచాన్ని క్షమించేసిన చిరునవ్వు.

"కిరణ్, ఇంకా ఆ చక్రం పట్టుకునే వేలాడుతున్నావా? Just let it go. రేపటితో అయిపోతుంది."

"నీ సీడీ నాకొకసారి చూపించు. హస్సాన్ లాయరుకిచ్చింది రెండు ఫొటోలే."

చూపించనవసరం లేదు. కానీ గొప్ప చూపించుకునే అవకాశం వస్తే ఆదర్శ్ వదులుకోడని ఆమెకి బాగా తెలుసు. అనుకున్నట్టే అతను రిసెప్షన్ సోఫాలో కూలబడి లాప్‌టాప్ తెరిచాడు.

తెర మధ్యలో తపాలా బిళ్ళకి కాస్త పెద్దదైన కిటికీ. అందులో బొమ్మ ఆగి ఆగి గెంతుతోంది. ఎడమ అంచునుంచి నీలం ఓవరాల్ మనిషి వచ్చాడు, కారు ముందు చక్రం దగ్గర కూర్చున్నాడు, ఎడమచెయ్యి ఆడింది. లేచాడు. అక్కడ బొమ్మ తెగిపోయింది. మళ్ళీ మొదలయ్యేసరికి కారు కదులుతోంది. ఎడమనుంచి కుడికి దూసుకుపోయి, గోడని కుడిపక్కన ఉంచుకుని మొదటి మలుపులో ఎడమకి తిరిగి, తోక జాడిస్తూ దుమ్ములో కలిసిపోయింది. మళ్ళీ తెగింది. అంతే.

"మధ్యలో ఎందుకు తెగింది?"

"కంప్యూటర్ హ్యాంగ్ అయిందట. ఆయన స్టేట్‌మెంట్‌లో ఉంది." ఆదర్శ్ వేళ్ళు మడిచాడు. "పిట్స్ ఎడమవైపున్నాయి, మనిషి ఎడమవైపునుంచే వచ్చాడు. Left-hander. Motive ఉంది. చక్రం దగ్గర కూర్చున్నాడు. ఇంకేం కావాలి నీకు, సంతకం చేసిన పోస్టరా?"

"ఎడమ చక్రం కావాలి."

"కెమెరాకి అటువైపు వెళ్ళి విప్పాడు. దొరకలేదు. అంతే."

"నువ్వు ఎప్పుడైనా బ్లూస్టోన్ ఫ్లాట్‌లో రేసు చూశావా ఆదర్శ్?"

"నేనీ కేసులోకి వచ్చేసరికే ట్రాకు మూతపడింది. అయినా రేసు చూడ్డానికి అంత దుమ్ములోకి ఎందుకు? టీవీలో అమెరికా రేసులు బోలెడన్ని చూశా. కంప్యూటర్లో గేములూ ఆడా. అన్నీ ఒకటే, గుండ్రంగా తిరగడం." లాప్‌టాప్ మూసి గొంతు తగ్గించాడు. "చూడు, నువ్వు ఆ అమ్మాయికి లేనిపోని ఆశలు పెడుతున్నావ్. రేపు అతను ఒప్పుకోకపోతే, కేసు నడిస్తే, పడే శిక్ష డబుల్. అప్పుడు ఆ పాపం ఎవరిది? నీది కాదూ?"

ఆ మాట మాత్రం ఆమెకి గట్టిగానే గుచ్చుకుంది. ఎందుకంటే అందులో నిజం ఉంది.

"ఆ అమ్మాయి" కింద పాత తెల్ల ఫాల్కన్ కారులో ఎదురుచూస్తోంది. ఫరహ్, హస్సాన్‌కి చెల్లెలు. వాళ్ళది కర్నూలు. నగర శివారు వెర్రిబీలో మందుల షాపులో పనిచేస్తుంది, ఆ యూనిఫాంతోనే వచ్చేసింది. ఏమైందని అడగలేదు. కిరణ్మయి మొహం చూసి కారు స్టార్ట్ చేసింది.

బ్లూస్టోన్ ఫ్లాట్ కథ రెండు వేసవుల కథ. ఆనందరావు వంతెనలు కట్టే ఇంజనీరుగా రిటైరయ్యాడు. రిటైరైన వాళ్ళు తోట పెంచుతారు, లేదా సత్సంగాలకి వెళతారు. ఆయన ఒక పల్లెటూళ్ళో మట్టి ట్రాకు మీద స్టాక్ కార్ల రేసు చూసి వచ్చి, ఆ రాత్రి నిద్రపోలేదట. వెర్రిబీ దాటాక, కాబేజీ తోటలకి ఆవల, నల్లరాళ్ళు తప్ప ఏమీ పండని నేల తీసుకున్నాడు. బంకమట్టి తోలించి, మలుపుల్లో ఒడ్డు ఎత్తు చేయించి, చుట్టూ కాంక్రీటు గోడ కట్టించాడు. ఇక్కడి వేసవి ముంగిట, తొంభై ఎనిమిది అక్టోబరులో మొదటి రేసుకి జనం ఇసకేస్తే రాలనంతగా వచ్చారు. ఒకే కౌంటర్లో మాంసం కూరిన మీట్ పైలూ సమోసాలూ అమ్మారు. అరవై దాటిన పెద్దాయన హెల్మెట్ పెట్టుకుని కిటికీలోంచి కారులోకి దూరుతుంటే వెర్రిబీ తెలుగువాళ్ళంతా ముందు నవ్వి, తర్వాత ఈలలు వేశారు.

రెండో వేసవికి బోరు ఎండిపోయింది. రేసుకి ముందు నీళ్ళ లారీతో తడపకపోతే బంకమట్టి పిండి అయిపోతుంది. ఆ పిండి గాలికి లేచి పక్క తోటల్లో లెట్యూస్ ఆకుల మీద కూర్చుంది. రైతులు కౌన్సిల్ మీద పడ్డారు, కౌన్సిల్ ఆనందరావు మీద పడింది, జనం తగ్గారు. ఆ సమయంలోనే కృష్ణమూర్తి ఇంటర్నెట్ ఆశతో వచ్చి చేరాడు. ఫిబ్రవరిలో ఆనందరావు పోయాక ఇక రేసే జరగలేదు. వచ్చే వారం బుల్‌డోజర్లు దిగుతాయి, ఇళ్ళ స్థలాలవుతాయి.

గేటు తెరిచే ఉంది. ఫరహ్ ఇంజను ఆపి, స్టీరింగ్ మీద చేతులు అలాగే ఉంచేసింది. ఆ శనివారం తర్వాత ఆమె ఇక్కడికి రావడం ఇదే మొదలు.

కిరణ్మయి దిగి కెమెరా స్తంభం కిందకి వెళ్ళి నిలబడింది. ఎడమవైపు పిట్స్, హస్సాన్ షెడ్డు. కుడివైపు కంప్యూటర్ క్యాబిన్. ఎదురుగా గోడ, దాని అవతల ట్రాకు. అంతా ఆదర్శ్ చెప్పినట్టే ఉంది. వీడియోలో మనిషి ఎడమనుంచి వచ్చాడు, ఎడమవైపు హస్సాన్ షెడ్డే ఉంది. ఆమెకి మొదటిసారి తన మీద తనకే అనుమానం వచ్చింది. రేపు డబుల్ శిక్ష పడితే ఈ పిల్ల మొహం ఎలా చూడాలి?

రెండో మలుపు దగ్గర గోడ చూద్దాం, నడుద్దాం రమ్మని ఫరహ్‌ని పిలిచింది.

"నడిస్తే ఏం తెలియదక్కా," అంది ఫరహ్. అప్పటిదాకా నోరు విప్పని పిల్ల కళ్ళలో ఏదో వెలిగింది. "కూర్చో. కార్లో పోతేనే తెలుస్తాది. నేను ఇక్కడ లేడీస్ రేస్ రెండుసార్లు గెల్చినా."

కిరణ్మయి ఎడమ సీటులో కూర్చుని బెల్టు బిగించుకుంది. బిగించుకోవడం మంచిదైంది. మందుల షాపులో నెమ్మదిగా మాత్రలు లెక్కపెట్టి ఇచ్చే అమ్మాయి ఫాల్కన్‌ని ట్రాకు మీదకి ఎక్కించి, రెండో గేరులో ఇంజను గావుకేక పెట్టేదాకా తొక్కింది. వానలకి తడిసిన బంకమట్టి టైర్ల కింద చపచపలాడింది. మొదటి మలుపు మీదమీదకి వస్తోంది, ఈమె బ్రేకు తొక్కడం లేదు. ఒక్కసారి స్టీరింగ్ విసిరింది. కారు వెనకభాగం జారిపోయింది, లోకమంతా పక్కకి తిరిగింది, మట్టి బెడ్డలు అద్దం మీద పడ్డాయి.  భయమూ ఆనందమూ ఒకదాన్నొకటి తోసుకుంటుంటే కిరణ్మయి పగలబడి నవ్వింది. కాకినాడ పిల్లకి ఇలాంటి సరదా ఒకటి ఈ భూమ్మీద ఉందని ఎవరూ చెప్పలేదు.

రెండో మలుపు. కాంక్రీటు గోడ ఆమె కిటికీ పక్కనే, చెయ్యి చాస్తే తగిలేటంత దగ్గరగా, బూడిదరంగు చారలా పరుగెడుతోంది. దాని మీద నారింజ రంగు పెయింటు గీత ఒకటి తళుక్కున వెనక్కి పోయింది.

నవ్వు ఆగిపోయింది.

"ఆపు. ఫరహ్, ఆపు."

కారు అడ్డంగా జారి ఆగింది. దుమ్ములేదు, ఆవిరి మాత్రం లేస్తోంది.

"గోడ నా పక్కన ఉందేమిటి?"

"మరి యాడ ఉంటాది?"

"వీడియోలో గోడ డ్రైవరు పక్కన ఉంది. కారు ఎడమకి తిరిగింది. నువ్వు కుడికి తిప్పావు."

ఫరహ్ ఆమెని వింతగా చూసింది. "ఇక్కడ స్టాక్ కార్లన్నీ కుడికే తిరుగుతాయక్కా. గడియారం ముల్లు మాదిరి. మన డ్రైవరు కుడిపక్క కూర్చుంటాడు కదా, గోడ తగిలినా అతనికి దూరంగా ఉండాలని. ఎడమకి తిరిగేది అమెరికాలో. వాళ్ళ స్టీరింగ్ ఆ పక్కుంటాది. కృష్ణమూర్తి అంకుల్ ఎప్పుడూ అదే గొణుగుడు, మీ కార్లు ఉల్టా తిరుగుతాయి, అమెరికా వాళ్ళు నవ్వుతారు అని."

"ఆనందరావుగారు ఆ రోజు ఎడమకి తిప్పి ఉండచ్చా?"

"Never. చక్రాలు, స్ప్రింగులు అన్నీ కుడికి తిరిగేదానికే సెట్ చేసింటారు. మా అన్నే చేసినాడు. ఎడమకి తిప్పితే మొదటి మలుపులోనే పడిపోతాది."

కిరణ్మయి కారు దిగి గోడ దగ్గరకి పరుగెత్తింది. నారింజ రంగు గీత ఒకచోట లావుగా మొదలై, కారు వెళ్ళిన దిక్కున పలచబడుతూ పోయింది. ఫరహ్ నడిపిన దిక్కే అది. అంటే కారు కుడికే తిరిగింది. అబద్ధం కారుది కాదు, బొమ్మది. వీడియోని ఎవరో అద్దంలో చూసినట్టు తిరగేశారు. అమెరికా వాళ్ళకి అలవాటైనట్టు కార్లు ఎడమకి తిరిగేలా.

ఇక వరుసలన్నీ వాటంతటవే సర్దుకున్నాయి. తిరగేసిన బొమ్మని మళ్ళీ తిరగేస్తే కుడి చక్రం ఎడమ చక్రమవుతుంది. ఊడినది అదే. ఎడమచేతి పానా కుడిచేతిలోకి వస్తుంది. పిట్స్ వైపునుంచి వచ్చిన మనిషి క్యాబిన్ వైపునుంచి వస్తాడు. తలుపు మీద అంకె ఏ మూడో అయిదో అయితే తిరగేయగానే బయటపడేది. ఎనిమిది ఎటు తిప్పినా ఎనిమిదే. ఇక్కడి రేసు ఒక్కటి చూసిన వాడెవడైనా ఆ సీడీని పట్టేసేవాడు. చూసిన పోలీసులూ, ఆదర్శూ, తనూ, అందరూ టీవీల్లో రేసులు చూసినవాళ్ళే.

"అంటే మా అన్న కాదు," అంది ఫరహ్. 

"కాదు. కానీ కోర్టుకి గోడ మీద గీత చాలదు. తిరగేయని బొమ్మ కావాలి. కంప్యూటర్లో ఉన్నదాన్ని ఆయన ఎప్పుడో తుడిచేసి ఉంటాడు."

ఫరహ్ స్తంభం మీదున్న ఇనుపపెట్టె వైపు చూస్తూ కదలకుండా నిలబడిపోయింది. ఆ తర్వాత మెల్లగా చెప్పింది. ఆ కెమెరా కృష్ణమూర్తిది కాదు, తనది. కర్నూల్లో ఉన్న అమ్మీకి తన రేసులు పంపించాలని కొనుక్కున్న హ్యాండీక్యామ్. ఆయన కెమెరా అమెరికానుంచి రాలేదంటే అప్పు ఇచ్చింది. ఆయన దానికి కేబుల్ తగిలించి బొమ్మని కంప్యూటర్లోకి లాక్కునేవాడు. అందులో టేపు కూడా తిరుగుతుందని ఆయనకి పట్టలేదు. ప్రతి శనివారం డ్యూటీకి పోయేముందు టేపు మార్చి, బటన్ నొక్కి పోయేది ఫరహే. ఆ శనివారం కూడా మార్చింది. సాయంత్రానికి లోకం తలకిందులైంది, టేపు ఊసే మర్చిపోయింది.

పెట్టె తెరవడానికి ఉరకబోయిన పిల్లని కిరణ్మయి చెయ్యి పట్టుకుని ఆపింది. తామిద్దరే తీస్తే, టేపు మీరే తయారుచేశారంటారు. తీసేటప్పుడు అవతలి పక్షం మనిషి ఉండాలి. మొబైల్ తీసి ఆదర్శ్‌కి ఫోన్ చేసింది. నీ సీడీ తప్పని చూపిస్తాను, దమ్ముంటే రా అంది. అలాంటి పిలుపుకి రాకుండా ఉండటం ఆదర్శ్ వల్ల కాదు.

అతను వచ్చేసరికి ఎండ పసుపురంగుకి తిరిగింది. మెరిసే బూట్లకి బంకమట్టి అంటుకున్నందుకు ముందు కాసేపు విసుక్కున్నాడు. గోడ మీద గీతని చూశాడు, వాదించాడు. కుడి, ఎడమ అని గాల్లో చేతులు తిప్పుకున్నాడు. తిప్పుతూ తిప్పుతూ మధ్యలో ఆగిపోయాడు.

ఫరహ్ ఫాల్కన్‌ని స్తంభం కిందకి తెచ్చి, దాని టాప్ మీదకెక్కి పెట్టె కొక్కెం తీసింది. కెమెరా బ్యాటరీ ఎప్పుడో చచ్చిపోయింది. మూత గుంజితే, లోపల అగ్గిపెట్టె కంటే కాస్త పెద్ద టేపు భద్రంగా ఉంది. ఆదర్శ్ తన సంచీలోంచి నిఘా పనులకి వాడే హ్యాండీక్యామ్ తీశాడు. తన కేసుని తన కెమెరాతోనే తగలబెట్టుకోవలసి వచ్చిందని మొహం చేదుగా పెట్టాడు కానీ టేపు మాత్రం తనే వేశాడు.

ముగ్గురి తలలూ చిన్న తెర మీదకి వంగాయి.

బొమ్మ ఈసారి గెంతలేదు, నీళ్ళలా సాగింది. ఎనిమిదో నంబరు కారు ముక్కు ఎడమకి ఉంది. కుడి అంచునుంచి, క్యాబిన్ వైపునుంచి, నీలం ఓవరాల్ మనిషి నడిచి వచ్చాడు. ఎడమ ముందు చక్రం దగ్గర కూర్చున్నాడు. పానా కుడిచేతిలో ఉంది. ఒక్కో నట్టునీ విప్పే వైపుకే తిప్పుతున్నాడు, అదీ పూర్తిగా కాదు, కొంచెం కొంచెం. 

"కృష్ణమూర్తి," అన్నాడు ఆదర్శ్.

కిరణ్మయి కూడా ఆ పేరే అనుకుంది. మనిషి లేచాడు. సీడీలో బొమ్మ తెగిపోయింది ఇక్కడే. టేపు మాత్రం తెగలేదు.

అతను పానాని క్యాబిన్ వైపు గడ్డిలోకి విసిరాడు. ఓవరాల్‌కి చేతులు తుడుచుకున్నాడు. కారు ముందునుంచి చుట్టి అటువైపుకి వెళ్ళాడు. టోపీ తీశాడు. తల ముగ్గుబుట్టలా తెల్లగా ఉంది. కారు టాప్ మీదున్న హెల్మెట్ అందుకుని, ముందు ఒక కాలు, తర్వాత ఇంకో కాలు కిటికీలోకి పెట్టి, అలవాటైన ఒడుపుతో స్టీరింగ్ ముందుకి జారి కూర్చున్నాడు.

"ఆనందరావు అంకుల్," అంది ఫరహ్. 

తెరలో ఆనందరావు బెల్టులు బిగించుకున్నాడు. ఇంజను స్టార్ట్ చేసే ముందు తల తిప్పి, సూటిగా కెమెరాలోకి చూశాడు. నవ్వాడు. బొటనవేలు పైకెత్తి చూపించాడు.

కారు కదిలింది. కిరణ్మయి బటన్ నొక్కి అక్కడే ఆపేసింది. తర్వాత జరిగింది ఆ పిల్ల చూడనక్కర్లేదు.

"సూసైడా?" అన్నాడు ఆదర్శ్, నమ్మకం లేకుండానే.

"చావబోయేవాడు బొటనవేలు చూపిస్తాడా? అది ఎవరికో రెడీ అని చెప్పడం." ఆమె మాటలు తొందరపడుతున్నాయి, ఆలోచన వాటికంటే ముందు పరుగెడుతోంది. "అమెరికాకి పంపే డెమో ఇది. ఉత్త ప్రాక్టీసు చూసి ఎవరు మెచ్చుకుంటారు? పరుగులో చక్రం ఊడి ఎగరాలి, కారు గోడకి రాసుకుని ఆగాలి, డ్రైవరు నవ్వుతూ దిగాలి. పోతున్న ట్రాకుని బతికించుకోడానికి ఆయన ఒప్పుకున్నాడు. వంతెనల ఇంజనీరు కదా, నట్లు ఎంత వదులు చేస్తే ఎక్కడ ఊడుతుందో లెక్క తెలుసనుకున్నాడు. లెక్క తప్పింది. క్యాబిన్లో కూర్చుని ఇదంతా చూసినవాడు నిజం చెబితే, చావులో తనకీ భాగం ఉందని తేలుతుంది. అందుకని బొమ్మని కోశాడు. తిరగేసిన బొమ్మలో హస్సాన్ అచ్చు గుద్దినట్టు అమరిపోయాడు."

ఫరహ్ కారుకి ఆనుకుని నేల మీదకి జారిపోయింది. నాలుగు నెలలుగా ఆమె ఏ హంతకుణ్ణి తిట్టుకుందో ఆ హంతకుడు లేడు. ఉన్నది, తన మొదటి రేసుకి దగ్గరుండి హెల్మెట్ బిగించిన పెద్దాయన నవ్వు ఒక్కటే. ఏడుస్తూనే అడిగింది, "అన్న బయటికొస్తాడా అక్కా?"

"రేపు నేరం ఒప్పుకోడు. ఇప్పుడే లాయరు దగ్గరికి పోతున్నాం, ఆదర్శ్ కూడా వచ్చి టేపు ఎక్కడ దొరికిందో చెబుతాడు. కృష్ణమూర్తి చేత నిజం చెప్పించామంటే మీ అన్న ఇంటికొచ్చినట్టే. ఆయన నోరు తెరవకపోతే మాత్రం టేపు అసలుదని తేలేదాకా మీ అన్న లోపలే ఉంటాడు, ఇద్దరూ కలిసి ఆడిన నాటకమని మనం చెప్పేది ఊహ అంటారు. ఆదర్శ్, ఆయన ఆఫీసులోనే ఉంటాడా ఈ వేళకి?"

 ఆమె తలెత్తి చూసింది. ఆదర్శ్ మొహంలో నెత్తురుచుక్క లేదు. 

"నాకు తన కంపెనీలో పెద్ద జాబ్ ఇస్తానన్నాడు కిరణ్. వచ్చే నెలనుంచి. అందుకే నేను..." హ్యాండీక్యామ్ తెర మూసేశాడు. "నువ్వు ఫోన్ చేసినప్పుడు నేను టల్లమరీన్ ఎయిర్‌పోర్టులో ఉన్నా. ఆయనకి లాస్ ఏంజలస్ ఫ్లైట్. ఎప్పుడొస్తారంకుల్ అంటే నవ్వాడు. ఆయన్ని దింపింది నేనే. పెట్టెలు కూడా నేనే మోశాను."